చక్రము పట్టిన మేబెల్

మాటలతో నవ్వించుట ఒక విద్య. మాటలు లేకుండ నవ్వించుట అంతకంటెను కష్టమైన విద్య. చలనచిత్రములు పుట్టిన తొలి మూడు దశాబ్దములలో వానికి మాటలు లేవు. తెరమీది పాత్రలు పెదవులు కదపినను ప్రేక్షకులకు ఏమియు వినబడదు. కథకు అవసరమైన ఒకటి రెండు వాక్యములు నడుమ నడుమ అక్షరములుగా తెరపై కనబడుచుండెను. తక్కినదంతయు నటుల కన్నులు, చేతులు, కాళ్ళు చెప్పవలసినదే. ఇట్టి మూగచిత్రములలో పరుగులతోను, పడుటలతోను, తన్నులాటలతోను నవ్వించు ఒక శాఖ అమెరికా దేశమున మిక్కిలి ప్రచారము పొందెను. దానిని ‘స్లాప్‌స్టిక్’ హాస్యమందురు. పూర్వము ఇటలీ దేశపు నాటకములలో హాస్యగాడు రెండు పలుచని చెక్కలను ఒక కొన కలిపి కట్టిన కర్రతో తోటి నటుని కొట్టెడివాడు. దెబ్బ అంతగా తగులదు. చప్పుడు మాత్రము పెద్దగా వచ్చును. ఆ కర్ర పేరే ఈ హాస్యమునకు పేరైనది. మన తోలుబొమ్మలాటలో కేతిగాడును, జుట్టుపోలిగాడును, బంగారక్కయు చేయు అల్లరిని చూచినవారికి ఇట్టి హాస్యపు తీరు క్రొత్త కాదు.

కెనడా దేశమున జన్మించి, యౌవనమున ఇనుప కర్మాగారములో పనిచేసిన మాక్ సెనెట్ అను నతడు 1912వ సంవత్సరమున ‘కీస్టోన్’ అను చిత్రనిర్మాణ సంస్థను స్థాపించెను. దాని స్టూడియో కాలిఫోర్నియాలో, లాస్ ఏంజిలిస్ నగరమున ఎడెన్‌డేల్ అను ప్రాంతమున నుండెను. అచ్చట చిత్రములు అతి వేగముగా తయారగుచుండెను. ముందుగా వ్రాసికొన్న సంభాషణలు లేవు. పెద్ద పెద్ద రంగాలంకరణములు లేవు. ఊరిలో ఊరేగింపు జరిగినను, పందెము జరిగినను నటులును కెమేరామనుష్యుడును అచ్చటికి పోయి, ఆ జనసమ్మర్దమునే రంగస్థలముగా చేసికొని కథ నల్లుచుండిరి.

ఆ కథలలో మోటారు కారునకు పెద్ద పాత్ర లభించినది. దానికి కారణము లేకపోలేదు. 1908లో హెన్రీ ఫోర్డు తన ‘మోడల్ టీ’ కారును 850 డాలర్లకు విక్రయింప నారంభించెను. 1913లో అతని హైలాండ్ పార్కు కర్మాగారమున, కదలుచుండు వరుసపై కారును కూర్చు పద్ధతి వచ్చెను. అంతకు పూర్వము ఒక కారు చట్రమును కూర్చుటకు సుమారు 12 గంటల 30 నిమిషములు పట్టుచుండగా, 1914 నాటికి 93 నిమిషములు చాలెను. ఏటేట కార్లు పెరిగినవి. వానిపై జనులకు మోజును, భయమును ఒక్కసారే పెరిగినవి. గుఱ్ఱము యజమాని మాట వినును. ఈ యంత్రము వినదు. ఎచ్చటనో నడివీధిలో నిలిచిపోవును. టైరులో గాలి పోవును. గర్వముగా కూర్చున్న యజమాని క్రిందికి దిగి బురదలో మోకరిల్లవలసి వచ్చును. గర్వము భంగమైనచోట హాస్యము పుట్టుట సహజము. అందుచేతనే, ఒక యువతిని వివాహమాడ గోరు ఇరువురు యువకులు కార్లమీద పోటీపడు కథలు ఆ రోజులలో పెక్కు వెలువడినవి.

ఆ కాలపు కారును నడపుట సులభము కాదు. పెక్కు కార్లకు ముందుభాగమున ఒక ఇనుప హ్యాండిలుండెడిది. దానిని చేతితో బలముగా త్రిప్పిననే గాని ఇంజను కదలదు. ఒక్కొక్కప్పుడది వెనుకకు తన్ని, త్రిప్పువాని చేయి విరుగగొట్టెడిది. కారు పురుషుల సొత్తనియు, స్త్రీ ప్రక్కన కూర్చుండుటకే తగుననియు పలువురు తలంచుచుండిరి. ఐనను 1909లో ఆలిస్ రామ్సే అను 22 ఏండ్ల యువతి న్యూయార్కు నుండి శాన్‌ఫ్రాన్సిస్కో వరకు 59 దినములలో స్వయముగా కారు నడపుకొని వెళ్ళెను. ఆమె వెంట నున్న ముగ్గురు స్త్రీలలో నొక్కరికిని కారు నడపుట రాదు. అమెరికా దేశమంతట స్త్రీలకు ఓటు హక్కును హామీ ఇచ్చు రాజ్యాంగ సవరణ 1920లో గాని రాలేదు. కాలిఫోర్నియాలో మాత్రము 1911లోనే వారికి ఆ హక్కు లభించెను. స్త్రీ చేతికి ఏయే పగ్గములు ఇయ్యవచ్చును, ఏవి ఇయ్యరాదు అను తర్కము ఇంటింట జరుగుచున్న కాలమది.

కీస్టోన్ సంస్థకు ప్రాణమువంటి నటి మేబెల్ నార్మండ్. ఆమె న్యూయార్కు నగరమునకు చెందిన స్టాటెన్ ఐలండు ద్వీపమున సామాన్య కుటుంబమున జన్మించెను. చిన్నతనముననే చిత్రకారులకు నమూనాగా కూర్చుండి జీతము సంపాదించెను. పిమ్మట బయోగ్రాఫ్ అను సంస్థలో డి. డబ్ల్యు. గ్రిఫిత్ అను ప్రసిద్ధ దర్శకుని వద్ద నటించెను. ఎత్తునుండి నీటిలోనికి దుముకుటకుగాని, బురదలో పడుటకుగాని ఆమె వెనుదీయలేదు. 1912లో విమానము కథావస్తువుగా గల ‘ఎ డాష్ త్రూ ది క్లౌడ్స్’ అను చిత్రమున నటించెను. సెనెట్ క్రొత్త సంస్థను స్థాపించినపుడు అతనితోపాటు కాలిఫోర్నియాకు వచ్చెను.

కీస్టోన్‌లో ఆమె నటించిన రెండు చిత్రములను ప్రక్కప్రక్కన నుంచి చూచినచో ఒక విశేషము తెలియును. 1913లో వచ్చిన ‘బార్నీ ఓల్డ్‌ఫీల్డ్స్ రేస్ ఫర్ ఎ లైఫ్’ అను చిత్రమున దుష్టుడు మేబెల్‌ను రైలుపట్టాలకు కట్టివేయును. రైలు వచ్చుచుండును. ఓల్డ్‌ఫీల్డ్ నిజ జీవితమునను పేరుపొందిన పందెపు కారు చోదకుడు. అతడు రైలుతో పోటీగా కారు తోలించి, ప్రియునితో గూడ వచ్చి ఆమెను రక్షించును. అందు ఆమె చేయవలసినదెల్ల భయపడుటయు, ఎదురుచూచుటయు మాత్రమే. ఒక్క యేడాది తిరుగకముందే, 1914 ఏప్రిల్ 18వ తేదీన, ‘మేబెల్ ఎట్ ది వీల్’ అను చిత్రము విడుదలయ్యెను. పేరులోనే సంగతి యున్నది: ‘చక్రము పట్టిన మేబెల్’ అని దాని తాత్పర్యము. ఈ పర్యాయము పందెపు కారు నడపినది ఆమెయే.

ఆ చిత్రకథ ఇట్లుండును. మేబెల్‌ను ప్రేమించిన యువకుడు పందెపు కార్ల చోదకుడు. ఈ పాత్రను హారీ మెకాయ్ అను నటుడు ధరించెను. అతనికి పోటీగా మరియొకడు మోటారు సైకిలుపై వచ్చి, తనతో షికారునకు రమ్మని మేబెల్‌ను పిలుచును. ఆమె వానివెనుక కూర్చుండును. మిట్టపల్లముల దారిలో బండి ఎగిరిపడగా ఆమె జారి నీటిగుంటలో పడును. నడపువాడు ఆ సంగతినే యెరుగక గర్వముగా ముందుకు పోవుచుండును! వెనుకనుండి కారులో వచ్చిన ప్రియుడు ఆమెను లేవనెత్తి, తన కారు చక్రమును ఆమె చేతికిచ్చును. ఇది చూచిన దుష్టుడు అసూయతో ఆ కారు టైరులోని గాలి తీయును. పిమ్మట ఇరుపక్షములవారును రాళ్ళు రువ్వుకొందురు.

అసలు కథ పందెపు మైదానమున నడచును. దుష్టుడు చేతిలో గుండుసూది పట్టుకొని జనులను గ్రుచ్చుచు, త్రోవ చేసికొని లోనికి ప్రవేశించును. పందెము మొదలగుటకు ముందు ఇద్దరు రౌడీలచేత చోదకుని పట్టించి, ఒక కొట్టములో కట్టి యుంచును. కారు సిద్ధముగా నున్నది, నడపువాడు లేడు. అప్పుడు మేబెల్ చోదకుని స్థానమున కూర్చుండి చక్రము పట్టుకొనును. దుష్టుడును వాని అనుచరులును దారిపై నీరు చల్లి, బాంబులు విసరి ఆమెను ఆపజూతురు. కారు జారును, అడ్డము తిరుగును. ఐనను ఆమె పట్టు వదలక పందెము గెలుచును. ఇతరులకు తవ్విన గోతిలో తామే పడినట్లు కుట్రదారులు భంగపడుదురు. కథ చిన్నదే. రెండు రీళ్ళలో ముగియును.

ఈ చిత్రమునకు నేపథ్యమైన పందెము కల్పితము కాదు. 1914 ఫిబ్రవరి నెలాఖరున, సముద్రతీరమున నున్న శాంటా మోనికా పట్టణమున ప్రసిద్ధమైన కారు పందెములు జరిగినవి. కీస్టోన్ వారు కెమేరాతో అచ్చటికి పోయి, నిజమైన కార్లను, నిజమైన జనసమూహమును ఫిల్ముపై పట్టుకొనిరి. మేబెల్ నడపు దృశ్యములను వేరుగా తీసి ఆ దృశ్యములతో కలిపి అతికించిరి. చూచువానికి ఆమెయే ఆ పందెమున పాల్గొన్నట్లు తోచును. వేగమును పెంచుటకు ఆనాటివారికి మరియొక ఉపాయము కలదు. అప్పటి కెమేరాను చేతితో త్రిప్పవలెను. సామాన్యముగా సెకనుకు 16 బొమ్మలు పడునట్లు త్రిప్పుచుండిరి. దానిని నెమ్మదిగా త్రిప్పి 8 బొమ్మలు మాత్రమే తీసి, తెరపై 16 చొప్పున చూపినచో, గంటకు 20 మైళ్ళ వేగముతో పోవు కారు 40 మైళ్ళతో పోయినట్లు కనబడును. మెల్లగా త్రిప్పిననే వేగము పుట్టుట ఇందలి చమత్కారము.

తెరమీద మేబెల్ చక్రము పట్టిన కథ ఇది. తెర వెనుకను ఆమె మరియొక చక్రము పట్టవలసి వచ్చెను. ఈ చిత్రమునకు సెనెట్‌తోపాటు ఆమెయు దర్శకురాలు. ఇందు దుష్టపాత్రను ధరించిన నటుడు చార్లీ చాప్లిన్. అప్పుడతనికి 24 ఏండ్లు. మేబెల్ అతనికంటె చిన్నది. అతడు లండను నగరమున దారిద్ర్యమున పుట్టి, బాల్యమునుండియు నాటకములలో పెరిగి, ఫ్రెడ్ కార్నో అను నతని నాటక బృందముతో అమెరికాకు వచ్చినవాడు. కీస్టోన్‌లో వారమునకు 150 డాలర్ల జీతమునకు చేరి కొన్ని నెలలు మాత్రమే గడచినవి. చిన్న మీసము, బిగువైన కోటు, వదులైన పంట్లాము, చేతికర్ర గల అతని ప్రసిద్ధ వేషము 1914 ఫిబ్రవరి 7వ తేదీన విడుదలైన మరియొక చిత్రమున మొదటిసారి ప్రజలకు కనబడెను. చిత్రమేమనగా, అదియు కార్ల చిత్రమే. వెనిస్ అను పట్టణమున బాలుర బొమ్మకార్ల పందెమును చూడవచ్చి, కెమేరాకు పదే పదే అడ్డము నిలుచు వ్యక్తిగా అతడందు నటించెను. కాని ‘మేబెల్ ఎట్ ది వీల్’ చిత్రమున ఆ వేషము కాక, పొడవైన కోటు, ఎత్తైన టోపీ, గడ్డపు పిలకలు గల పాతకాలపు దుష్టుని వేషము అతనికి లభించెను.

ఒకనాడు ఊరిబయట దారిపై నీరు చల్లు దృశ్యమును తీయుచుండిరి. చాప్లిన్ ఒక సూచన చేసెను. తాను నీటిగొట్టముపై తెలియక కాలు వేసి నిలుతుననియు, నీరు రాకపోగా గొట్టపు మూతిలోనికి తొంగి చూతుననియు, కాలు తీయగనే నీరు ముఖముపై చిమ్ముననియు చెప్పెను. ఆ హాస్యము పాతదే. 1895లో ఫ్రాన్సు దేశమున లూమియేర్ సోదరులు తీసిన చిన్న చిత్రమున తోటమాలికి జరిగిన అవస్థయు ఇదియే. మేబెల్ సమయము లేదనియు, చెప్పినట్లు చేయుమనియు తొందరపెట్టెను. ప్రొద్దు గ్రుంకుచున్నచో వెలుతురు పోవును. వెలుతురు పోయినచో పని ఆగును. చాప్లిన్‌కు కోపము వచ్చెను. ఇక నటింపనని దారి ప్రక్కన కూర్చుండెను. ఆమె దర్శకత్వ సామర్థ్యమునే అతడు శంకించెను. ఆనాడు పని ఆగిపోయెను. సామగ్రి సర్దుకొని అందరును స్టూడియోకు మరలిపోయిరి. తమ దర్శకురాలికి జరిగిన అవమానమును సహింపలేక ఒకరిద్దరు చాప్లిన్‌ను కొట్టబోగా, వారిని వారించినది మేబెల్ యే.

సెనెట్ మిక్కిలి కోపించెను. చాప్లిన్ ఉద్యోగము పోవుట నిశ్చయమని తోచెను. కాని మరునాటికి సెనెట్ శాంతించెను. చాప్లిన్ నటించిన చిత్రములు ఇంకను కావలెనని న్యూయార్కునుండి తంతి వచ్చుటయే దానికి కారణమని చాప్లిన్ తరువాత తెలిసికొనెను. మేబెల్‌తో సామరస్యముగా ఈ చిత్రమును ముగింపుమని సెనెట్ కోరెను. ఇకమీద తన చిత్రములను తానే నడపనిమ్మని చాప్లిన్ అడిగెను. చిత్రము విడుదలకు పనికిరాకపోయినచో తాను కూడబెట్టిన 1500 డాలర్లను హామీగా ఇత్తుననెను. ఒప్పందము కుదిరెను. చిత్రము పూర్తియయ్యెను. 1914 మే నెల 4వ తేదీన విడుదలైన ‘కాట్ ఇన్ ది రెయిన్’ అను చిత్రమునకు చాప్లిన్ స్వయముగా దర్శకుడు.

ఈ వృత్తాంతము మనకు 1964లో ప్రకటితమైన చాప్లిన్ ఆత్మకథ వలన తెలియుచున్నది. మేబెల్ తన కథను గ్రంథముగా వ్రాసి ప్రకటింపలేదు. అందుచేత మనము వినుచున్నది ఒక పక్షమువారి వాదము మాత్రమే. ఐనను చాప్లిన్ తన పట్టుదలను దాచుకొనలేదు. మేబెల్ మంచితనమును మరువలేదు. ఎవరిది న్యాయము? హాస్యమునకు ఆలోచన కావలెననియు, నటుని బుద్ధికి చోటీయవలెననియు చాప్లిన్ తలంచెను. అది సత్యమే. పదిమంది కలిసి చేయు పనిలో ఒకరి ఆజ్ఞ చెల్లవలెననియు, పోవుచున్న ప్రొద్దు ఎవరికొరకును ఆగదనియు మేబెల్ తలంచెను. అదియు సత్యమే. కాని ఆజ్ఞ యిచ్చినది తనకంటె చిన్నదగు యువతి కాక, గడ్డము నెరసిన దర్శకుడైనచో చాప్లిన్ అట్లే దారిప్రక్కన కూర్చుండెడివాడా యని యోచించుట తగును. ఇతర దర్శకులతోను అతడు తగవులాడిన మాట నిజము. ఐనను తాను చిన్నదగు యువతి యగుటవలననే అతనికి మరింత కోపము వచ్చెనేమో యను సందేహము తీరదు.

కాలము గడచిన కొలది చాప్లిన్‌కు ఆ రెండవ సత్యమును అనుభవములోనికి వచ్చినది. 1928లో ఆరంభించి 1931లో విడుదల చేసిన ‘సిటీ లైట్స్’ అను చిత్రమున అతడే దర్శకుడు, అతడే నాయకుడు. గ్రుడ్డిదగు పూలమ్మి, నిరుపేదయగు నాయకుని ధనవంతుడని భ్రమపడవలెను. చూపులేని యామె ఎట్లు భ్రమపడును? ఈ ఒక్క చిక్కు విప్పుటకు అతడు ఎంతో కాలము తీసికొని, ఆ దృశ్యమును లెక్కకు మిక్కిలిగా మరల మరల తీసెను. చివరకు దొరికిన ఉపాయము మోటారు కారే! కారు తలుపు మూసిన చప్పుడు విని, ధనవంతుడెవరో దిగెనని ఆమె తలంచును. ఆ చిత్రము తీయుచున్న కాలముననే తన కట్టడికి లోబడలేదని నాయిక వర్జీనియా చెరిల్‌ను పనినుండి తొలగించి, మరల పిలిపించుకొనెను. ఆజ్ఞ వినుట ఎంత కష్టమో యౌవనమున తెలిసికొన్నవాడు, ఆజ్ఞ వినిపించుట ఎంత కష్టమో పిమ్మట తెలిసికొనెను.

మేబెల్‌కును చాప్లిన్‌కును వైరము మిగులలేదు. ఆ యేడాదిలోనే వారిరువురును కలిసి పెక్కు చిత్రములలో నటించిరి. డిసెంబరులో విడుదలైన ‘టిల్లీస్ పంక్చర్డ్ రొమాన్స్’ వానిలో నొకటి. సంవత్సరాంతమున చాప్లిన్ వారమునకు 1250 డాలర్ల జీతముపై ఎస్సనే అను సంస్థకు పోయెను. త్వరలోనే లోకమంతట అతని పేరు మారుమ్రోగెను. మేబెల్ నటించిన ‘మిక్కీ’ అను చిత్రము 1918లో విడుదలై గొప్ప విజయము పొందెను. కాని అనారోగ్యము ఆమెను వెంటాడెను. 1930 ఫిబ్రవరి 23వ తేదీన క్షయవ్యాధితో ఆమె మరణించెను. అప్పటికి మూగచిత్రముల కాలము కూడ ముగియుచుండెను.

నేడు చాప్లిన్ పేరు తెలియని దేశము లేదు. మేబెల్ పేరు తెలిసినవారు కొలదిమంది. ఐనను రైలుపట్టాలపై కట్టబడి రక్షకునికై ఎదురుచూచిన నాయిక, ఏడాది తిరుగక మునుపే చోదకుని స్థానమున కూర్చుండుట చిన్న మార్పు కాదు. నవ్వులాట చిత్రము గనుక ఆ మార్పును ఎవరును ఆక్షేపింపలేదు. అందరును నవ్వి, చప్పట్లు కొట్టి, ఆమె గెలుపును తమ గెలుపుగా భావించిరి. వాదముతో సాధింపరాని దానిని హాస్యము ఒక్కొక్కప్పుడు సాధించును. తన యాజ్ఞను ధిక్కరించినవానిని కొట్టబోవువారి చేయి పట్టుకొని ఆపుట కూడ చక్రము పట్టుటయే. బండిని గాని, పనిని గాని, పదిమందిని గాని నడపువారికి వేగముతోపాటు ఆ నిగ్రహమును కావలెను.

ప్రశ్నలు

1. ‘స్లాప్‌స్టిక్’ అను పేరు హాస్యమునకు ఎట్లు వచ్చినది?
2. 1913లోను, 1914లోను వచ్చిన రెండు చిత్రములలో మేబెల్ పాత్రకు గల భేదమును వివరింపుము.
3. కెమేరాను నెమ్మదిగా త్రిప్పిన, తెరపై కారు వేగముగా పోవునట్లు కనబడుటకు కారణమేమి?
4. మేబెల్, చాప్లిన్‌ల తగవులో ఎవరి పక్షము న్యాయమని నీవు తలంతువు? కారణములతో వ్రాయుము.
5. ఒకరు వ్రాసిన వృత్తాంతమును మాత్రమే విని తీర్పు చెప్పుట తగునా? ఈ పాఠము ఆధారముగా చర్చింపుము.